మళ్ళీ ఒకటి నుంచి

మంచి అలవాటు అనే మాట ఎవరి నోట విన్నా నాకు ఒళ్ళు మండుతుంది. ఎవరి మీదో కాదు, నా మీదే. ఒకప్పుడు బోధన్ చక్కెర మిల్లు క్వార్టర్లలో ఆ మాటకు నేనే గుత్తేదారుని. తెల్లవారి నాలుగున్నరకు లేవడం, చన్నీళ్ళు పోసుకోవడం, రోజూ ఒక పేజీ రాయడం. నన్ను చూసి గడియారం సరిచేసుకోవచ్చని మా ల్యాబు పెద్దాయన నలుగురిలో అనేవాడు. నేను తల వంచుకుని వినేవాణ్ణి. తల వంచుకుంటే వినయమనుకుంటారని నాకు బాగా తెలుసు.

నేను నిజామాబాదులో ఉర్దూలో చదువుకున్నాను. ఇంట్లో మాట్లాడేది తెలుగే గాని చేతికి వచ్చింది ఉర్దూ రాత. రాష్ట్రం కొత్తదై కాగితాల భాష మారేసరికి నా వంటివాళ్ళందరం ఒక్కసారిగా సగం చదువుకున్నవాళ్ళమైపోయాం. మిల్లు ల్యాబులో గంటగంటకూ చెరకు రసం నమూనా పట్టి, చిక్కదనం చూసి, అంకె వేయడం నా పని. అంకెలకు భాష అక్కర్లేదు కనుక రోజులు గడిచేవి. పై మెట్టు ఎక్కాలంటే మాత్రం ఇంగ్లీషులో రిపోర్టు రాయాలి, తెలుగులో వచ్చిన కాగితం చదివి అర్థం చేసుకోవాలి. ఇరవై మూడేళ్ళ వయసులో పలక పట్టుకోవడానికి సిగ్గుపడి, ఇంట్లోనే మొదలుపెట్టాను. సగం పేజీ తెలుగు, సగం పేజీ ఇంగ్లీషు. రాయడం అయిపోగానే వంటింటి తలుపు పక్కన గోడ మీద బొగ్గుతో ఒక గీత. ఐదు గీతలకు ఒక అడ్డగీత.

దానికి ఒక నియమం పెట్టుకున్నాను. అది మిల్లు నేర్పిన నియమం. సీజన్ మొదలైందంటే మా మిల్లులో చెరకు నలిపే రోలర్లు పగలూ రాత్రీ తిరగాల్సిందే. ఏ మోటారో పాడై కొన్ని గంటలు ఆగిందా, గొట్టాల్లో ఉన్న రసం పులుస్తుంది. పులిసిన రసంలో ఎంత సున్నం కలిపినా చక్కెర కట్టదు. అంతా కాల్వలోకి వదిలేసి, తొట్లు వేడినీళ్ళతో కడిగి, మళ్ళీ మొదటి బండి చెరకు నుంచి మొదలుపెట్టాలి. నా చదువుకూ అదే పద్ధతి అనుకున్నాను. ఒక్కరోజు తప్పితే అంతకుముందు రాసిందంతా పులిసిపోయినట్టే. గోడ తుడవాలి. మళ్ళీ ఒకటి నుంచి గీయాలి.

మొదట్లో తొమ్మిది గీతల దగ్గర ఒకసారి తుడిచాను, ముప్పై ఒకటి దగ్గర ఒకసారి, ఆరు దగ్గర ఇంకోసారి. ఆ తర్వాత తుడవలేదు. ఏళ్ళ తరబడి గీతలు పెరిగాయి. దసరాకు ఇల్లంతా సున్నం వేస్తే ఆ గోడ ఒక్కటీ మసిగా మిగిలేది. మా అవ్వ, అంటే మా అమ్మ, తిట్టేది. "దయ్యం పట్టిన గోడ లెక్కున్నది, తుడువురా" అనేది. నేను వినేవాణ్ణి కాదు. ఇంటికి వచ్చినవాళ్ళకు నీళ్ళకంటే ముందు ఆ గోడ చూపించేవాణ్ణి.

అందువల్ల ఫలితం లేకపోలేదు. సూపర్‌వైజరునయ్యాను. కొత్తగా చేరినవాళ్ళను పెద్దాయన నా దగ్గరికి పంపేవాడు, పట్టుదల అంటే ఏమిటో చెప్పమని. చెప్పేవాణ్ణి. గంటసేపు చెప్పేవాణ్ణి. సీజన్‌లో పిప్పి మోసేవాళ్ళను ఆపి కల్లు మానమని చెప్పేవాణ్ణి. వాళ్ళు నన్ను దూరంనుంచి చూస్తూనే పక్క సందులోకి తిరిగేవారు. లోకం బాగుపడకపోవడానికి లోకమే కారణమని నిట్టూర్చేవాణ్ణి.

నా భార్యది మోర్తాడ్ దగ్గర పల్లె. పసుపు పండించే ఇల్లు. మూడు తరగతులు చదివింది, అదీ కొంత మరిచిపోయింది. కాపురానికి వచ్చిన కొత్తలో నాకు ఆమె గురించి తెలిసిందల్లా ఆమె ఎక్కువ మాట్లాడదని, పిల్లలు ఆమెను వదలరని. చెరకు బండ్లు సీజన్‌లో మిల్లు గేటు బయట బారులు తీరి రోజులకు రోజులు ఆగేవి. బండివాళ్ళతో పెళ్ళాం పిల్లలూ వచ్చి, బండ్ల కిందే వండుకుని తిని, అక్కడే పడుకునేవారు. ఆ పిల్లలు ఎడ్ల కాళ్ళ మధ్య తిరుగుతుంటే చూసి నా భార్యకు మనసు ఆగేది కాదు. పది గంటలకు వంట ముగించుకుని పోయి, ముప్పై నలభై మందిని ఒక దగ్గర కూర్చోబెట్టి, ముక్కులు తుడిచి, కథలు చెప్పేది. వాళ్ళు ఊళ్ళకు తిరిగిపోయేటప్పుడు ఏడ్చేవాళ్ళు. మళ్ళీ ఏడు వస్తూనే మా ఇంటి ముందుకు పరుగెత్తుకొచ్చేవాళ్ళు.

మహిళా మండలి పెద్దమ్మ ఒకావిడ అది చూసింది. వచ్చే ఏడు పంచాయతీ సమితి వాళ్ళు ఇక్కడ చిన్నపిల్లలకు బాల్వాడి బడి పెడుతున్నారనీ, ఏడో తరగతి పాసైతే పంతులమ్మగా నిన్నే పెట్టుకుంటామనీ చెప్పింది. ఆ సాయంత్రం నేను బట్టలు మార్చుకునేదాకా కూడా నా భార్య ఆగలేదు.

"నాకు సదువు సెప్తవా?" అని అడిగింది. "ఏడో తరగతి పరీచ్చ రాస్త."

"ఎందుకే నీకు?"

"ఎందుకంటె ఏం సెప్పాలె? ఇల్లు నీ కొలువుకు ఇచ్చిండ్రు. పేరు నీది. గోడ గూడ నీదే. నాదని ఒక్కటుండాలె గద."

నాకు చాలా సంతోషం కలిగింది. ఆమె కోరిక విని కాదు, నా పద్ధతికి ఇంట్లోనే ఒక శిష్యురాలు దొరికిందని. అప్పటికి మా బిడ్డకు ఏడాది. తెల్లవారి ఐదు నుంచి ఆరు వరకు పాఠం అన్నాను. ముందు ఐదో తరగతి వాచకం, అది పూర్తయ్యాక ఏడోది. రోజూ పాఠం చదవాలి, చూడకుండా రాయాలి, లెక్కలు చెయ్యాలి. తలుపుకు ఈ పక్క గోడ నాది, ఆ పక్క గోడ ఆమెది. నియమం మాత్రం ఇద్దరికీ ఒకటే.

"ఒక్కరోజు తప్పితే మళ్ళీ మొదటి పాఠం నుంచే" అని చెప్పాను.

"మొదటి పాఠం కెల్లా?" అని నవ్వింది. నేను నవ్వలేదు.

ఇరవై ఆరు రోజులు బాగా నడిచింది. ఆమెకు జ్ఞాపకశక్తి ఎక్కువ. ఒకసారి చదివితే పట్టేసేది. ఇరవై ఏడో రోజు బిడ్డకు జ్వరం వచ్చింది, ఒడిలోంచి దిగనివ్వలేదు. మరుసటి రోజు తడిగుడ్డ తీసుకుని ఆమె గోడ తుడిచాను. ఆమె చూసి, "సరే, మల్ల సదువుత, అయిపాయె" అంది. మొదటి పాఠం చీమల గురించి. రెండోసారి చదివింది.

రెండోసారి యాభై ఐదు రోజులు నడిచింది. పదకొండు పాఠాలు అయ్యాయి. పన్నెండో పాఠానికి రేపు అనుకుంటుండగా బతుకమ్మ పండుగకు పుట్టింటివాళ్ళు వచ్చి తీసుకుపోయారు. తొమ్మిది రోజులకు తిరిగి వచ్చింది. పుస్తకం తన వెంట పంపమని ముందే అడిగింది గాని నేను పంపలేదు. ఒంటరిగా ముందుకు చదివితే క్రమం చెడుతుందని పుస్తకాన్ని నా పెట్టెలో పెట్టి తాళం వేసుకునేవాణ్ణి. ఈ సంగతి ఇప్పుడు రాస్తుంటే నా చెయ్యే నన్ను అసహ్యించుకుంటున్నది. అప్పుడు మాత్రం అది నాకు గొప్ప ఆలోచన అనిపించింది. చీమల పాఠం మూడోసారి.

మూడోసారి కొన్నాళ్ళు నడిచాక మా అవ్వకు నడుము పట్టింది. లేవలేక, కూర్చోలేక మూడు రోజులు మంచం మీద ఉంది. ఆమెకు కాపడం పెట్టిందీ, ఎత్తి కూర్చోబెట్టిందీ నా భార్యే. నా తల్లికి సేవ చేసినందుకు నేను ఆమె గోడ తుడిచాను. మంచం మీంచే మా అవ్వ అంది:

"అరేయ్, నాకోసరం గద అది ఆగింది! నీకేమన్న నెత్తి ఖరాబైందా?"

"అవ్వా, నియమం నియమమే."

"మీ బాపు గూడ గిట్లనే. తాను వట్టిన కుందేలుకు మూడే కాళ్ళనేటోడు. ఆయనతోటే పోయిందనుకున్న ఆ రోగం."

మా పక్కింట్లో ఒక ముస్లిం విధవరాలు ఉండేది. బట్టలు కుట్టేది, వాడలోని ఆడపిల్లలకు ఖురాన్ చదవడం నేర్పేది. క్వార్టర్లలో అందరం ఆమెను ఆపా, అంటే అక్క, అనేవాళ్ళం. గోడకు ఆ పక్కనుంచి మా ఇంట్లో మాట ఆమెకు, ఆమె ఇంట్లో పాఠం మాకు వినిపించేవి. నా భార్య నాలుగోసారి చీమల పాఠం అందుకున్న పొద్దున ఆమె మా వాకిట్లోకి వచ్చింది.

"బేటా, ఓ మాట అడుగుత, గుస్సా కావద్దు" అంది. "నా దగ్గెర పిల్లలు సద్వ వస్తరు. ఓ పొద్దు వస్తరు, ఓ పొద్దు రారు. ఇంట్ల పనుంటది, ఒంట్ల బుఖార్ ఉంటది. ఎక్కడ ఆపిండ్రో గక్కడ కితాబ్‌ల నెమలీక పెడ్త. మల్ల వచ్చిన నాడు గక్కడికెల్లే. అల్లా కితాబ్‌కే అంత సబర్, అంత ఓపిక ఉంటే నీ ఐదో తరగతి కితాబ్‌కు ఎందుకు లేదు?"

"ఆపా, మీది భక్తి. నాది పద్ధతి" అన్నాను.

ఆమె "అచ్ఛా" అని వెళ్ళిపోయింది. ఆ మాట బాగా అతికినట్టు చెప్పానని నాకు ఆ రోజంతా ఒకటే సంబరం. ల్యాబులో ఇద్దరికి చెప్పాను కూడా.

పరీక్ష ఎండాకాలంలోనే గాని, దానికి దరఖాస్తు పెట్టే సమయం ఇంతలోనే వచ్చింది. నిజామాబాదు పోయి ఫారం తెచ్చాను. నా అందమైన రాతతో నేనే నింపాను. కింద సంతకం ఆమె పెట్టింది. మూడుసార్లు వేరే కాగితం మీద రాసి చూసుకుని, నాలుగోసారి ఫారం మీద పెట్టింది. దాన్ని తిరిగి ఆఫీసులో ఇచ్చి రావాలి. సోమవారం ఆఖరు రోజు. అక్కడ నేను ఒక షరతు పెట్టాను. నలభై రోజులు ఒక్కటీ తప్పకుండా నడిస్తేనే ఫారం తీసుకుపోతాను, లేకపోతే పరీక్ష రాసి మాత్రం ఏం లాభం అన్నాను. అప్పటికి ఇరవై రోజులు అయ్యాయి. నలభయ్యో రోజు శనివారం పడుతుంది. ఆమె వేళ్ళు మడిచి చూసుకుని, "అయితది" అంది.

ఆ ఇరవై రోజుల్లో ఆమెకు ఒళ్ళు వెచ్చబడింది రెండుసార్లు. చెప్పలేదు. దీపం ముందు కూర్చుంటే మొహం ఎర్రగా ఉండేది. నేను అడగలేదు. మంచి అలవాటు ఒంటికి పడుతున్నదనుకున్నాను.

ముప్పై ఎనిమిదో రోజు, గురువారం. చలికాలం, ఐదు కాలేదు. నేను వాచకం తెరిచి, దీపం పెట్టి, కూర్చుని ఉన్నాను. ఆమె మొహం కడుక్కుంటున్నది. తలుపు కొట్టిన చప్పుడు. బండ్ల దగ్గరినుంచి ఒక ముసలమ్మ వచ్చింది.

"అక్కా, జర రా. కోడలుకు నొప్పులొస్తున్నయి. ఇక్కడ మాకెవ్వరు ఎరుకలే."

నా భార్య నా వైపు చూసింది. నేను పుస్తకం వైపు చూశాను. ఆమె పొయ్యి మీది నీళ్ళ కుండ, పాత చీర ఒకటి తీసుకుని వెళ్ళిపోయింది. నేను ఆరు దాకా కూర్చున్నాను. ఆ తర్వాత నా పేజీ నేను రాసుకున్నాను. నా గీత నేను గీసుకున్నాను. లేచి, తడిగుడ్డ తీసుకుని, ఆమె ముప్పై ఏడు గీతలూ తుడిచేశాను.

ఎనిమిది గంటల సైరన్ కూసేటప్పుడు వచ్చింది. మోచేతుల దాకా కడుక్కుని వచ్చినా గోళ్ళ కింద ఎరుపు ఉంది. కళ్ళు మెరుస్తున్నాయి.

"ఆడపిల్ల పుట్టింది. బొడ్డు నేనే కోసిన" అంటూ లోపలికి వచ్చి, గోడ చూసి ఆగిపోయింది. "తుడిసినవా?" అంది.

"ముందే చెప్పిన గద."

"నేనేమన్న ఊకె పండుకున్ననా?"

"కారణం ఎప్పుడూ ఉంటది. రసం పులిస్తే ఎందుకు పులిసిందని మిల్లు అడగదు."

ఆమె అప్పుడు ఒక మాట అంది. కోపంగా కాదు, నిజంగా తెలుసుకోవాలన్నట్టు అంది. "మీ మిల్లు ఆర్నెల్లు ఉత్తగనే పండుకుంటది గద. మల్ల సీజన్‌ల మంచిగనే చెక్కెర ఎల్తది. గప్పుడు గోడ ఎవ్వరు తుడుస్తరు?"

జవాబు లేని మగవాడికి కోపం ఉంటుంది. పొద్దున్నే వాదన పెట్టుకోకు, డ్యూటీకి ఆలస్యమవుతున్నదని అరిచి, సైకిల్ తీసుకుని పోయాను. నా సర్వీసులో నేను ఆలస్యంగా వెళ్ళిన రోజు అదొక్కటే, దానికి కూడా ఆమెనే తిట్టుకున్నాను.

శుక్రవారం బస్సులు ఉన్నాయి. శనివారం ఉన్నాయి. సోమవారం నాకు సెలవు కూడా దొరికేది. నిజామాబాదు ఎంత దూరం? గంట ప్రయాణం. నన్ను ఎవరూ ఆపలేదు. ఏ అడ్డమూ రాలేదు. ఫారం నా పెట్టెలో, వాచకంలో పదకొండో పాఠం దగ్గర మడిచి ఉంది, నేను తీసుకుపోలేదు, అంతే. ఆమె అడుగుతుందని చూశాను. అడిగితే ఒక ఉపన్యాసం చెప్పి, ఆ తర్వాత దయతలచి తీసుకుపోదామనుకున్నాను. ఆమె అడగలేదు. సోమవారం సాయంత్రం ఆరు దాటాక నేనే, "ఆఖరు తారీఖు అయిపోయింది" అన్నాను. "ఎరుకే" అని బియ్యం ఏరుకుంటూ కూర్చుంది. మరుసటి తెల్లవారి ఐదింటికి లేచింది, మొహం కడుక్కుంది, పొయ్యి ముట్టించింది. పాఠానికి రాలేదు. నేనూ పిలవలేదు.

జూన్‌లో బాల్వాడి పెట్టారు. పంతులమ్మ నిజామాబాదు నుంచి వచ్చింది. మంచి మనిషే, ఏడు కాదు, పది చదివింది. రోజూ బస్సులో వచ్చి పోయేది. నా భార్య అక్కడ ఆయాగా చేరింది. నన్ను అడగలేదు, చేరిన తర్వాత చెప్పింది. గది ఊడవాలి, ఇళ్ళకు పోయి పిల్లల్ని తోలుకురావాలి, పాలపొడి కలిపి కాచి పొయ్యాలి. మహిళా మండలి పెద్దమ్మ నన్ను దారిలో చూసి, "పరీక్ష రాయకపాయె, పాపం, భయపడిందా?" అని అడిగింది. "అవునమ్మా, పట్టుదల తక్కువ" అన్నాను. నోరు తిరిగింది ఆ మాట అనడానికి. నా నోరు ఎటైనా తిరిగేది.

మళ్ళీ సీజన్ మొదలయ్యాక ఒకరోజు పది గంటలప్పుడు ఆ దారిన సైకిల్ మీద పోతున్నాను. బాల్వాడి గదిలోంచి పిల్లలందరూ కలిసి పాఠం చెప్తున్న గొంతులు. పంతులమ్మ బస్సు ఇంకా రానట్టుంది. లోపల నా భార్య ఒక మాట అంటున్నది, పిల్లలు దాన్ని తిరిగి అంటున్నారు. చీమల పాఠం. పుస్తకం చేతిలో లేదు. ఐదో తరగతి పాఠం అంత చిన్న పిల్లలకు ఎందుకు? ఆమెకు వచ్చింది అదే కనుక. ఒక కాలు నేల మీద పెట్టి నిలబడ్డాను. చీమలు, బావి, ఎండాకాలం, ఒకదాని తర్వాత ఒకటి, ఎక్కడా తడబడకుండా, పదకొండు పాఠాలూ చెప్పింది. పదకొండోది అయిపోయాక ఆగింది. పిల్లలు తర్వాతి మాట కోసం ఎదురుచూస్తూ ఊరుకున్నారు. ఆమె గొంతు సవరించుకుని మళ్ళీ చీమల పాఠం ఎత్తుకుంది.

నాకు కళ్ళనీళ్ళు వచ్చాయి. వచ్చాయని చెప్పి గొప్ప తెచ్చుకోను, ఎందుకంటే ఆ నీళ్ళతో నేను చేసిందేమీ లేదు. పోయి పుస్తకం తీసి ఆమె చేతిలో పెట్టవచ్చు. పెడితే నేను తప్పు చేశానని ఒప్పుకున్నట్టవుతుంది. సైకిల్ తొక్కుకుంటూ పోయి పదకొండు గంటల నమూనా దగ్గరుండి పట్టించాను. ఒక్క నిమిషం కూడా ఆలస్యం కాలేదు.

ఇలా ఎనిమిదేళ్ళు గడిచాయి. మా అవ్వ పోయింది. ఆపా కొడుకు ఆర్మూరులో దుకాణం పెట్టుకుని ఆమెను తీసుకుపోదామని చూస్తే ఆమె పోలేదు. మా బిడ్డకు పదేళ్ళు నిండాయి. చదువులో చురుకే గాని రాత కోడి గీసినట్టు ఉండేది. రోజుకో పేజీ రాయాలన్నాను. తలుపుకు ఆ పక్క గోడ, తొమ్మిదేళ్ళుగా ఖాళీగా ఉన్న గోడ, ఆమెకు ఇచ్చాను. నియమం అదే.

ఇరవై రెండు గీతలు అయ్యాయి. ఇరవై మూడో రోజు రంజాన్ పండుగ. పిల్ల ఆపా ఇంట్లో సేమ్యా తాగి, అక్కడి పిల్లలతో ఆడి ఆడి, సాయంత్రమే అక్కడే చాప మీద నిద్రపోయింది. పొద్దున లేస్తూనే దానికి గుర్తొచ్చింది. నేను గుడ్డ తడుపుతుంటే వచ్చి, "బాపూ, ఇయ్యాల రెండు పేజీలు రాస్త. జరంత ఆగు బాపూ" అని నా చెయ్యి పట్టుకుంది.

"అట్ల కుదరదు బిడ్డా. రెండు పేజీలు రాసి రెండు గీతలు గీస్తే అది దొంగతనం" అన్నాను.

పొయ్యి దగ్గరి నుంచి నా భార్య లేచి వచ్చింది. నా చేతిలోంచి తడిగుడ్డ తీసుకుంది. గుంజుకోలేదు, పిల్లల చేతిలోంచి కత్తి తీసుకున్నట్టు మెల్లగా తీసుకుంది. పెళ్ళయిన తర్వాత నా చేతిలోది ఆమె అలా తీసుకోవడం అదే మొదలు.

"నువ్వు ఆపా దగ్గరికి పో బిడ్డా, గిన్నె తీసుకరాపో" అని పిల్లను పంపించింది. అది వాకిలి దాటేదాకా ఆగింది. తర్వాత, తలుపుకు ఈ పక్కన, నా గోడ మీద, పాత గీతల మధ్య ఒక వరుసలో వేలు పెట్టింది.

"ఇగో, ఇవి రెండు ఒక్క పొద్దే గీసినవ్. నేను సూసిన."

ఆ సంగతి నేను ఇంతవరకు మీకు చెప్పలేదు. ఎవరికీ చెప్పలేదు, నాకు నేను చెప్పుకోవడం కూడా మానేశాను. ఆమె కాపురానికి వచ్చిన నెలలో సీజన్ ముగిసింది. ఆఖరి చెరకు బండికి పూలు కట్టి, డప్పులు కొట్టి, గేటులోకి తోలి, కొబ్బరికాయ కొడతారు. ఆ రోజు అందరితో కలిసి నేను కూడా కల్లు తాగాను, నలుగురికీ మానమని చెప్పే ఆ కల్లే, తాగి, ఇంటికొచ్చి, చెప్పులతోనే మంచం మీద పడ్డాను. రాయలేదు. తెల్లవారి లేచి, ఎవరూ చూడటం లేదనుకుని, రెండు పేజీలు గబగబా గీకి, రెండు గీతలు గీశాను. అప్పటికి మూడేళ్ళ గీతలు. వాటిని తుడవడానికి చెయ్యి రాలేదు. సూపర్‌వైజరు ఉద్యోగం, పెద్దాయన మెప్పు, కొత్తవాళ్ళకు గంటసేపు పాఠాలు, అన్నీ ఆ రెండు గీతల మీదే కట్టుకున్నాను.

"అప్పుడే ఎందుకనలేదు?" అని అడిగాను.

"అంటె నువ్వు మల్ల ఒకటికెల్లి మొదలువెట్టేటోనివి. మూడేండ్ల కష్టం. నాకు పానం ఒప్పలే."

"పుస్తకం తెస్త" అన్నాను. "పన్నెండో పాఠం కాడికెల్లి సెప్త. ఇయ్యాల్నే."

"నాకిప్పుడు ఎందుకు?" అంది. "బాల్వాడికి యాల్లయితున్నది. పిల్లకు సెప్పు." గుడ్డ పిండి, దండెం మీద ఆరేసి, చెప్పులేసుకుని వెళ్ళిపోయింది.

నేను ఆ రెండు గీతలు గీసిన పొద్దున ఆమెకు పదిహేడేళ్ళు, నేనంటే భయం, ఈ ఇంటికి కొత్త. పొయ్యి దగ్గర కూర్చుని అంతా చూసి, నా మీద జాలిపడి, తల తిప్పుకుంది. ఆ తర్వాత నేను నాలుగుసార్లు ఆమె గోడ తుడిచాను. నాలుగుసార్లూ ఒక్క మాట అంటే నా చెయ్యి ఆగిపోయేది. అంటే నాకు నలుగురిలో తలవంపులవుతాయని, ఆమె అనలేదు.